పద్దు వచ్చింది, పెత్తనం పోయింది: టల్సా మహిళల గోల్ఫ్ జట్టు కథ

(వ్యాయామ విద్య ధర్మనిధి స్మారక ఉపన్యాసం)



ఈ ధర్మనిధి ఒక వ్యాయామ ఉపాధ్యాయురాలి పేరు మీద నడుస్తోంది. ఆమెను ఎరిగినవాళ్లు ఈ హాల్లోనే చాలామంది ఉన్నారు గనుక ఆమె గుణగణాల జోలికి నేను పోను. పొగిడితే ఆమెకు గిట్టేది కాదని కూడా విన్నాను. ఇంతకుముందు ఇక్కడికి వచ్చినవాళ్లు కబడ్డీ గురించి, వాలీబాల్ గురించి, అథ్లెటిక్స్ గురించి మాట్లాడారు. నేను గోల్ఫ్ అనేసరికి నిర్వాహకులు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. వాళ్లను తప్పు పట్టను. గోల్ఫ్ అంటే మనకు డబ్బున్నవాళ్ల కాలక్షేపం. విశాఖలో 1884 నాటి ఈస్ట్ పాయింట్ క్లబ్బు, హైదరాబాదులో గోల్కొండ నయాఖిలా గోడల నడుమ పరిచిన పచ్చిక, గేటు బయట బారులు తీరిన కార్లు. మనలో చాలామందికి ఆ ఆట గురించి తెలిసింది ఇంతే.

అయినా గోల్ఫే ఎంచుకున్నాను. అమెరికాలో కాలేజీ ఆడపిల్లలను పోగేసి మొదటిసారి జాతీయ స్థాయిలో గోల్ఫ్ పోటీ పెట్టించింది మన డ్రిల్ టీచర్ లాంటి ఒకావిడ. ఆ పోటీ కూడదని అడ్డం పడ్డదీ డ్రిల్ టీచర్లే. తర్వాత నలభై ఏళ్లు వాళ్లే పట్టుదలగా దాన్ని నడిపారు. చివరికి ఒకే ఒక్క ఏడాదిలో అదంతా వాళ్ల చేతుల్లోంచి జారిపోయింది. జారిపోయిన ఏడు 1982. ఆ ఏడు పాత సంఘం ఇచ్చిన ఆఖరి కప్పునూ, కొత్త సంఘం ఇచ్చిన తొలి కప్పునూ ఒకే జట్టు ఎత్తుకుపోయింది. అది ఒక్లహోమా రాష్ట్రంలోని టల్సా విశ్వవిద్యాలయం జట్టు. చమురు డబ్బుతో లేచిన ఊళ్లో, పెద్దగా పిల్లలు కూడా లేని ప్రైవేటు విశ్వవిద్యాలయం. ఈ పూట దాని కథ చెబుతాను. దారిలో వేరే ఊళ్లు కూడా తగులుతాయి.

ముందు ఒక సందేహం తీర్చాలి. ఎవరి బంతి వాళ్లు కొట్టుకునే ఆటకు జట్టేమిటి? అమెరికా కాలేజీల్లో పద్ధతి ఇది: ఐదుగురు ఆడతారు, నలుగురివే లెక్కలోకి వస్తాయి. పద్దెనిమిది హోళ్లు పూర్తయ్యేసరికి ఒక జట్టులో అమ్మాయిలు 72, 74, 75, 77, 81 కొట్టారనుకోండి. 81ని తీసి పక్కన పెడతారు, మిగతావి కూడితే ఆ రోజుకు జట్టు స్కోరు 298. తక్కువ కొట్టినవాళ్లే గెలిచినట్టు. వినడానికి ఇందులో ఏముంది అనిపిస్తుంది. కానీ మైదానంలో ఉన్నప్పుడు ఎవరి కార్డు పక్కకు పోతుందో ఎవరికీ తెలియదు. ఆ 81 కొడుతున్న అమ్మాయి పదహారో గ్రీన్ మీద ఉంది. ముందు హోళ్లలోనే ఆట చెడింది. ఎలాగూ నా కార్డు చెత్తబుట్టకే కదా అని నాలుగడుగుల దూరంలోని హోల్ వైపు బంతిని చూసీ చూడనట్టు తోసేసింది, తప్పిపోయింది. సరిగ్గా అదే సమయంలో రెండు హోళ్ల వెనక ఆమె జట్టులోనే మరో అమ్మాయి రెండు బంతులు చెరువులో వేసుకుని 77 కావలసినదాన్ని 83 చేసుకుంటోంది. ఇప్పుడు లెక్కకొచ్చేది 81. ఆ తోసేసిన నాలుగడుగులు జట్టు నెత్తిన పడతాయి. కాలేజీ గోల్ఫ్‌లో కోచ్ చేసే పనిలో సగం ఇదే. ఐదో అమ్మాయిని ఆఖరి హోల్ దాకా తన కార్డు విలువైనదే అని నమ్మించడం. 2015 నుంచి మహిళల జాతీయ పోటీ చివరి దశను ముఖాముఖి పోరుగా మార్చారు. ఎనిమిది జట్లు మిగులుతాయి, ఐదు జోడీలు తలపడతాయి, మూడు గెలిచినవాళ్లదే పైచేయి. అప్పట్నుంచి ఆ దశలో ఐదో అమ్మాయిని పక్కన పెట్టే వీలే లేదు.

ఇక 1941కి పోదాం. ఒహాయో స్టేట్ విశ్వవిద్యాలయంలో మహిళల వ్యాయామ విద్య విభాగానికి గ్లాడిస్ పామర్ అనే ఆవిడ అధిపతి. ఆ ఏడు ఆమె దేశంలోని కాలేజీ అమ్మాయిలందరికీ కబురు పంపింది, మా ఊరొచ్చి గోల్ఫ్ పోటీ ఆడండని. మనకు ఇందులో గొడవ పడాల్సిందేమీ కనిపించదు. కానీ ఆ రోజుల్లో ఇది తిరుగుబాటు. 1923లో లూ హెన్రీ హూవర్, అంటే తర్వాత అధ్యక్షుడైన హెర్బర్ట్ హూవర్ గారి భార్య, ముందు నిలిచి ఒక మహాసభ జరిపారు. ఆడపిల్లల ఆటల్లో కప్పులు, టిక్కెట్లు, దూర ప్రయాణాలు, పేపర్లలో ఫోటోలు వద్దు, అందరూ ఆడాలి, ఆరోగ్యం కోసం ఆడాలి అన్నది ఆ సభ సారాంశం. వ్యాయామ విద్య నేర్పే మహిళా ప్రొఫెసర్లలో ఎక్కువమంది అటువైపే. అందుకు వాళ్లు కనిపెట్టిన ఉపాయం ‘ప్లే డే’. నాలుగు కాలేజీల అమ్మాయిలు ఒకచోట చేరతారు, అందరినీ కలగాపులగం చేసి కొత్త జట్లు కడతారు. ఏ కాలేజీ ఏ కాలేజీని ఓడించిందీ చెప్పలేని విధంగా ఆడిస్తారు. తర్వాత పాలు, బిస్కెట్లు.

నవ్వకండి. వాళ్ల భయంలో నిజం లేకపోలేదు. మగపిల్లల కాలేజీ ఫుట్‌బాల్ అప్పటికే డబ్బు మయం. అది చూసి, ఆ రొంపి మనకొద్దని వాళ్లు దూరంగా నిలబడ్డారు. అయితే ఆ దూరం ఆడటం వచ్చిన అమ్మాయికి గోడ అయింది. పామర్ గారు సంఘాలు వద్దంటున్నా పోటీ పెట్టేశారు. అలబామా విశ్వవిద్యాలయం నుంచి వచ్చిన ఎలినార్ డడ్లీ గెలిచింది. మరుసటి ఏటికి అమెరికా యుద్ధంలో ఉంది. పోటీ ఆగి మళ్లీ 1946లో మొదలైంది. 1947 విజేత షర్లీ స్పోర్క్ మిషిగన్‌లో టీచర్ ట్రైనింగ్ కాలేజీ విద్యార్థిని, ఆ తర్వాత డెట్రాయిట్‌లో బడిపంతులమ్మ. 1950లో మహిళా ప్రొఫెషనల్ గోల్ఫ్ సంఘాన్ని స్థాపించిన పదమూడు మందిలో ఆమె ఒకరు.

అదే పదమూడు మందిలో మరొకరు మారిలిన్ స్మిత్, 1949 కాలేజీ విజేత. ఈవిడ దగ్గర కాస్త ఆగుతాను. కాన్సస్ రాష్ట్రం విచిటాలో చిన్నప్పుడు అబ్బాయిలతో బేస్‌బాల్ ఆడేది, పిచర్‌గా. ఒకరోజు ఓడిపోయి ఇంటికొచ్చి గ్లవ్ గోడకేసి కొట్టి ఒక బూతుమాట అంది. తల్లి చెయ్యి పట్టి లాక్కుపోయి లైఫ్‌బాయ్ సబ్బుతో నోరు కడిగింది. సాయంత్రం తండ్రి వచ్చి సంగతి విని, ఇక లాభం లేదు, ఆడపిల్లకు తగిన ఆటేదన్నా నేర్పిద్దామని గోల్ఫ్ క్లబ్బుకు తీసుకుపోయాడు. మర్యాద నేర్పడానికి పెట్టిన ఆటలో ఆ పిల్ల రాష్ట్ర విజేత అయింది. కాన్సస్ విశ్వవిద్యాలయంలో చేరాక, జాతీయ కాలేజీ పోటీకి వెళ్లడానికి దారిఖర్చులు ఇప్పించమని ఆ తండ్రే వెళ్లి ఫాగ్ అలెన్‌ను అడిగాడు. అలెన్ బాస్కెట్‌బాల్ కోచ్‌గా దేశమంతా పేరున్న మనిషి, అక్కడి క్రీడల్లో ఆయన మాటకు తిరుగులేదు. మీ అమ్మాయి మగపిల్లాడు కాకపోవడం విచారకరం అన్నాడట ఆయన. తండ్రి తన జేబులోంచి ఖర్చు పెట్టుకున్నాడు. అమ్మాయి గెలిచి వచ్చింది.

పెత్తనం డ్రిల్ టీచర్లది, పద్దు మాత్రం లేదు. 1941 నుంచి 1972 దాకా మహిళల కాలేజీ గోల్ఫ్ పరిస్థితి ఇదే. పోటీలు జరుగుతున్నాయి, మంచి ఆటగాళ్లు వస్తున్నారు, 1960లో అరిజోనా స్టేట్ తరఫున గెలిచిన జోయాన్ గండర్సన్ లాంటి దిట్టలు వచ్చారు. కానీ జట్టు అంటే ఒక టీచరు, ఆవిడ కారు, డిక్కీలో సంచులు.

1972 జూన్ 23న నిక్సన్ ఒక విద్యాచట్టం మీద సంతకం పెట్టాడు. అందులో ‘టైటిల్ నైన్’ అనే భాగం ముఖ్యవాక్యం ఇంగ్లీషులో ముప్ఫై ఏడు మాటలు. కేంద్ర నిధులు తీసుకునే ఏ విద్యాసంస్థా స్త్రీ పురుష భేదం చూపరాదని దాని సారం. ఆటలన్న మాటే అందులో లేదు. హవాయి నుంచి గెలిచిన ప్యాట్సీ మింక్, ఒరెగాన్ నుంచి ఎడిత్ గ్రీన్, సెనేట్‌లో బర్చ్ బై దాని వెనక ఉన్నవాళ్లు. చదువు సీట్లు, ఉద్యోగాలు వాళ్ల మనసులో ఉన్నవి. ఆటల మీద దాని దెబ్బ ఎంత బలంగా పడుతుందో క్రీడాశాఖల మగవాళ్లకు ముందుగా అర్థమైంది. 1974లో టెక్సాస్ సెనేటర్ జాన్ టవర్ చేత, డబ్బు తెచ్చే ఆటలకు మినహాయింపు ఇవ్వాలంటూ సవరణ పెట్టించారు. నెగ్గలేదు. అప్పట్లో మగపిల్లల కాలేజీ ఆటలను శాసించే ఎన్‌సీఏఏ కోర్టుకు కూడా వెళ్లింది. అక్కడా చుక్కెదురు.

ఆ సమయానికే మహిళలకు సొంత సంఘం ఉంది. ఏఐఏడబ్ల్యూ దాని పొట్టి పేరు. 1971లో పుట్టి, 1972 నుంచి పోటీలు నడిపింది. అధ్యక్షురాళ్లు, కమిటీలు, నియమాలు రాసేవాళ్లు, అంతా వ్యాయామ విద్య ఆడవాళ్లే. ఒక దశలో దాదాపు 970 కాలేజీలు అందులో సభ్యులు. వాళ్లు రాసుకున్న నియమాలు ఇప్పుడు చదివితే ముచ్చటేస్తుంది. కోచ్‌లు ఊరూరా తిరిగి పిల్లల వెంట పడకూడదు. విద్యార్థిని ఒక కాలేజీ నచ్చక ఇంకోదానికి మారితే వెంటనే ఆడనివ్వాలి. ఈ రెండో నియమాన్ని ఎన్‌సీఏఏ దశాబ్దాల పాటు పూర్తిగా ఒప్పుకోక, 2021లో అన్ని ఆటలకూ అమలు చేసి అదేదో కొత్త ఆలోచనలా చెప్పుకుంది.

కానీ అదే నియమావళిలో ఒక మొండి నియమం కూడా ఉంది. ఆట కోసం స్కాలర్‌షిప్ తీసుకున్న అమ్మాయి మా పోటీల్లో ఆడరాదు! అది 1923 నాటి భయమే, వేషం మార్చుకుని వచ్చింది. ఫ్లోరిడాలో రెండు చిన్న కాలేజీల టెన్నిస్ అమ్మాయిలు, వాళ్లకు స్కాలర్‌షిప్పులు ఉన్నాయి, 1973 జనవరిలో కోర్టుకెక్కారు. వాళ్ల ముందు నిలబడింది పీచీ కెల్మయర్, ఆ రెండింటిలో ఒక కాలేజీలో వ్యాయామ విద్య డైరెక్టరు. అంటే డ్రిల్ టీచర్ల సంఘం మీద డ్రిల్ టీచరే కేసు వేసింది. టైటిల్ నైన్ వచ్చాక అబ్బాయిలకు ఇచ్చేది అమ్మాయిలకు ఇవ్వం అనడం ఏ కోర్టులో నిలుస్తుంది? కొద్ది నెలల్లోనే సంఘం ఆ నియమం మార్చుకుంది. ఈ కేసును మనవాళ్లు ఎవరూ పట్టించుకోరు. నా దృష్టిలో మాత్రం టల్సా జట్టుకు పునాదిరాయి ఇదే.

1974లో టల్సా విశ్వవిద్యాలయం మహిళల గోల్ఫ్ జట్టు పెట్టి డేల్ మెక్‌నమారాకు అప్పగించింది. ఆమె ఒక్లహోమాలో పేరున్న అమెచ్యూర్ గోల్ఫర్. టల్సాలోనే ఇరవై ఆరేళ్లు, 2000 దాకా ఉండిపోయింది. అంత చిన్న విశ్వవిద్యాలయం టెక్సాస్, ఫ్లోరిడా, అరిజోనాల పెద్ద కాలేజీలతో తూగాలంటే మంచి ఆటగాళ్లు ఆ ఊరి పేరు తలుచుకుని రావాలి. మొదలుపెట్టిన మరుసటి ఏడే ఆమెకు అలాంటి పిల్ల దొరికింది.

నాన్సీ లోపెజ్ న్యూమెక్సికోలో రాజ్‌వెల్ అనే చిన్న ఊళ్లో పెరిగింది. తండ్రి డొమింగోకు కార్లకు సొట్టలు తీసే షెడ్డు ఉండేది. మెక్సికో మూలాలున్న కుటుంబం, రాబడి అంతంత మాత్రం. కూతురి చేతిలో ఉన్నది చూసి ఆ తండ్రి ఇంట్లో ఒక కట్టడి చేశాడు: పిల్ల చేత అంట్లు తోమించకూడదు, చేతులు పాడవుతాయి. మన ఇళ్లలో ఆడపిల్ల చేతి గురించి ఎవరన్నా అలా ఆలోచించారా అని ఒక్క క్షణం మీరే గుర్తు చేసుకోండి. పన్నెండేళ్లకే ఆమె రాష్ట్ర మహిళల పోటీ గెలిచింది. గాడర్డ్ హైస్కూలులో అమ్మాయిల జట్టు లేదు. అబ్బాయిల జట్టులో ఆడతానంటే మొదట కుదరదన్నారు. పౌరహక్కుల సంఘం లాయరు కల్పించుకున్నాక తలుపు తెరుచుకుంది. ఆమెను కలుపుకుని ఆ అబ్బాయిల జట్టు రెండుసార్లు రాష్ట్ర కప్పు గెలిచింది. 1975లో, ఇంకా కాలేజీ మెట్లు ఎక్కకముందే, అమెరికా మహిళల ఓపెన్‌లో అమెచ్యూర్‌గా ఆడి రెండో స్థానం పంచుకుంది.

ఆ శరత్తులో స్కాలర్‌షిప్ మీద టల్సాలో చేరింది. మూడేళ్ల ముందు అయితే ఆ స్కాలర్‌షిప్ తీసుకున్నందుకు ఆమెను జాతీయ కాలేజీ పోటీలో అడుగు పెట్టనిచ్చేవాళ్లు కాదు. 1976లో వ్యక్తిగత విజేత ఆమే. జట్టు కప్పు మాత్రం ఫర్మన్ కాలేజీకి పోయింది. ఆ ఫర్మన్ జట్టులో బెట్సీ కింగ్, బెత్ డేనియల్ ఉన్నారు. ముగ్గురూ తర్వాత ప్రపంచ గోల్ఫ్ హాల్ ఆఫ్ ఫేమ్‌కు చేరినవాళ్లే. పద్దు దొరికిన నాలుగేళ్లకే కాలేజీ మైదానంలో ఆట ఏ స్థాయికి వచ్చిందో ఇంతకంటే చెప్పనక్కర్లేదు.

నాన్సీ రెండేళ్లే ఉంది. 1977లో ప్రొఫెషనల్ అయింది. 1978లో తొమ్మిది టోర్నమెంట్లు గెలిచింది, అందులో ఐదు వరసగా. ఆడవాళ్ల గోల్ఫ్ టీవీ వార్తల్లోకి ఎక్కింది ఆమె వల్లనే. చాలామంది టల్సా కథను ఇక్కడితో ఆపేస్తారు, నాన్సీ లోపెజ్ చదివిన కాలేజీ అని ఒక వాక్యం రాసి. నాకు ఆసక్తి ఆమె వెళ్లిపోయిన తర్వాతి భాగంలో. ఒక్క వెలుగు మీద ఆధారపడ్డ జట్లు ఆ వెలుగు పోయాక చతికిలబడతాయి. టల్సా అలా కాలేదు. 1980లో ఏఐఏడబ్ల్యూ జట్టు కప్పు గెలిచింది, నాన్సీ లేకుండానే. అది మెక్‌నమారా కోచింగ్. ఐదో అమ్మాయి కార్డు గురించి ఇందాక చెప్పింది గుర్తుందా, ఆ పని ఆమెకు వచ్చు.

ఇప్పుడు 1982. అడ్డుకోవడం కుదరలేదు కాబట్టి ఆక్రమించుకుందాం అని ఎన్‌సీఏఏ తేల్చుకుంది. నా మాట కటువుగా ఉందంటారేమో, జరిగిన వరస చూడండి. 1981 జనవరిలో వాళ్ల వార్షిక సమావేశంలో పెద్ద కాలేజీలకు మహిళల పోటీలు కూడా మేమే పెడతామన్న తీర్మానం తెచ్చారు. ఒకసారి వీగిపోయింది. అదే సమావేశంలో మళ్లీ ఓటుకు పెట్టించి నెగ్గించుకున్నారు. ఆ తర్వాత కాలేజీలకు చెప్పింది ఇది: మహిళల పోటీలకు వేరే చందా కట్టక్కర్లేదు, పోటీకి వచ్చే జట్ల దారిఖర్చులు మేమే భరిస్తాం. ఏఐఏడబ్ల్యూ దగ్గర అంత డబ్బెక్కడిది? సభ్యులు ఒక్కొక్కరే జారుకున్నారు, టీవీ ఒప్పందం చేజారింది. సంఘం గుత్తాధిపత్య చట్టం కింద కేసు వేసింది. 1982 జూన్ నెలాఖరుకు దుకాణం కట్టేసింది. తర్వాత కేసు ఓడిపోయింది, 1984లో అప్పీలూ ఓడిపోయింది.

ఆ ఒక్క ఏడు మాత్రం రెండు సంఘాలూ వేర్వేరుగా జాతీయ పోటీలు నడిపాయి. కాలేజీలకు ఇరకాటం. అటు పోవాలా, ఇటు పోవాలా? టల్సా రెండింటికీ పోయింది, రెండూ గెలిచింది. ఎన్‌సీఏఏ తొలి మహిళల గోల్ఫ్ పోటీ స్టాన్‌ఫర్డ్‌లో జరిగితే జట్టు కప్పుతో పాటు వ్యక్తిగత కప్పు కూడా టల్సా అమ్మాయి క్యాతీ బేకర్‌కే దక్కింది. మూడేళ్ల తర్వాత ఆమె అమెరికా మహిళల ఓపెన్ గెలిచింది. ఒకే ఏడు వచ్చిన ఆ రెండు కప్పుల్లో ఒకటి ఇచ్చిన సంఘం కొన్ని వారాల్లో లేకుండా పోయింది.

ఇక్కడ నేను పాత సంఘం పక్షాన కన్నీళ్లు పెట్టుకుంటానని మీరు అనుకుంటే పొరపాటు. నేను 1981లో టల్సాలో ఐదో ప్లేయర్ని అయి ఉంటే, టికెట్టు ఇచ్చేవాళ్లతోనే వెళ్లేదాన్ని. స్కాలర్‌షిప్ మీద వాళ్ల మొండితనం ఎంతమంది పేదపిల్లలకు అడ్డం పడిందో తలుచుకుంటే కోపం కూడా వస్తుంది. కానీ లెక్కలో రెండో వైపు కూడా చదవాలి. టైటిల్ నైన్‌కు ముందు మహిళల కాలేజీ జట్లలో నూటికి తొంభైకి పైగా జట్లకు ఆడవాళ్లే కోచ్‌లు. 2014 నాటి లెక్కల్లో అది 43 దగ్గర ఉంది. జీతం లేనప్పుడు ఆ ఉద్యోగం ఆడవాళ్లది. జీతం వచ్చాక పోటీ పెరిగింది, మగవాళ్లు దరఖాస్తులు పెట్టారు, ఎంపిక చేసే కుర్చీల్లో కూడా వాళ్లే ఉన్నారు. పురుషుల, మహిళల క్రీడాశాఖలను కలిపేసిన చాలాచోట్ల మహిళా డైరెక్టరు సహాయ డైరెక్టరు అయింది. ఇందులో ఎవరో కుట్ర పన్నారని నేననను. కుట్ర అవసరం లేకుండానే ఇలాంటివి జరిగిపోతాయి, మన కాలేజీల్లో మహిళా ఫిజికల్ డైరెక్టర్ (పీడీ) పోస్టులు ఏమయ్యాయో తెలిసినవాళ్లకు నేను వివరించి చెప్పాలా?

టల్సాలో ఆ కుర్చీ మారలేదు. మెక్‌నమారా ఉంది. ఆ తర్వాతి తరంలో జోడీ రోజెంతాల్ వచ్చింది, 1984లో బ్రిటిష్ అమెచ్యూర్ గెలిచింది. 1988లో టల్సా మళ్లీ ఎన్‌సీఏఏ కప్పు గెలిచింది, ఆ ఏడు వ్యక్తిగత విజేత మెలిస్సా మెక్‌నమారా. అవును, కోచ్ కూతురే. తల్లి జట్టులో కూతురు అంటే గుసగుసలకు కొదవేముంటుంది? గోల్ఫ్‌లో అదృష్టం కొద్దీ సెలెక్షన్ కమిటీ కంటే కార్డు గట్టిగా మాట్లాడుతుంది. తర్వాత కెల్లీ రాబిన్స్ వచ్చింది. 1991లో ఆ ఏటి మేటి కాలేజీ క్రీడాకారిణి గౌరవాన్ని అరిజోనాలో చదువుతున్న స్వీడన్ అమ్మాయి ఆనికా సోరెన్‌స్టామ్‌తో పంచుకుంది. ఆనికా పేరు మీకు తెలిసే ఉంటుంది. థాయ్ మూలాలున్న స్టేసీ ప్రమ్మనసుధ్ ఒక్లహోమాలోనే ఉన్న ఈనిడ్ నుంచి వచ్చి నాలుగేళ్లూ ఆల్ అమెరికన్ మేటి ఆటగాళ్ల జాబితాలో ఉంది.

2000లో తల్లి దిగిపోయాక మెలిస్సా ఆ కుర్చీలో కూర్చుంది. రెండేళ్లకే అరిజోనా స్టేట్ పిలిస్తే వెళ్లిపోయింది, అక్కడ 2009లో జాతీయ కప్పు గెలిపించింది. 2015లో ఆబర్న్‌కు మారింది. కోచ్‌గా ఆమె ఎదగడానికి తల్లి కట్టిన ఊరు చాల్లేదు. ఇందులో తప్పేమీ లేదు, కానీ చిన్న విశ్వవిద్యాలయాల కథ తొంభైల తర్వాత ఎటు పోయిందో దీన్నిబట్టి తెలుస్తుంది. కప్పులు పెద్ద పద్దులున్న చోటికి, ఎండ ఎక్కువ కాసే చోటికి వెళ్లిపోయాయి. అరిజోనా స్టేట్‌కు ఎనిమిది ఎన్‌సీఏఏ కప్పులు, డ్యూక్‌కు ఏడు. టల్సాకు 1988 తర్వాత మళ్లీ రాలేదు. 2016లో ఖర్చులు తగ్గించుకోవడానికి టల్సా గోల్ఫ్‌లో ఒక జట్టును ఎత్తేసింది. పురుషుల జట్టును! టైగర్ వుడ్స్‌కు కోచింగ్ ఇచ్చిన హ్యాంక్ హేనీ ఆడిన జట్టు అది. మహిళల జట్టు నిలిచింది. దీన్ని స్త్రీల విజయంగా చెప్పుకునేవాళ్లున్నారు. నాకు అందులో సంతోషించడానికి ఏమీ కనిపించదు. ఫుట్‌బాల్ జోలికి ఎవరూ పోరు, కోత ఎప్పుడూ చిన్న ఆటల మీదే పడుతుంది. అలా అబ్బాయిల కుస్తీ, జిమ్నాస్టిక్స్ జట్లు ఎత్తేసి నింద టైటిల్ నైన్ మీద వేయడం అక్కడ ఎప్పటినుంచో ఉన్న అలవాటు.

మన పేర్లు కూడా ఇప్పుడు ఈ కథలోకి వస్తున్నాయి. న్యూజెర్సీలో పెరిగిన మేఘా గన్నె హైస్కూలులో ఉండగానే 2021 అమెరికా మహిళల ఓపెన్‌లో తొలిరోజు అగ్రస్థానం పంచుకుంది. తర్వాత స్టాన్‌ఫర్డ్‌లో చేరి 2024లో జాతీయ కప్పు గెలిచిన జట్టులో ఆడింది, 2025లో అమెరికా మహిళల అమెచ్యూర్ గెలిచింది. ఆ ఇంటిపేరు వినగానే మనవాళ్లు ఏ ఊరు, ఏ జిల్లా అని ఆరాలు మొదలుపెడతారు. నేను ఆరా తీసింది ఆమె కోచ్ గురించి. యాన్ వాకర్, స్కాట్లండ్ నుంచి వచ్చినావిడ, 2012 నుంచి ఆ జట్టు ఆమె చేతిలో ఉంది. ఆమె చేతి మీదుగా 2015, 2022, 2024లో మూడు కప్పులు వచ్చాయి. పద్దు పెద్దదైన చోట కూడా పెత్తనం ఒక స్త్రీ దగ్గర ఉంటే ఏమవుతుందో చూపించడానికి టల్సా కంటే ఇప్పుడు స్టాన్‌ఫర్డే మంచి ఉదాహరణ.

ఆఖరుగా, పద్దు సంగతి మళ్లీ కదిలింది. 2025 జూన్‌లో కాలిఫోర్నియా ఫెడరల్ కోర్టు ఒక పెద్ద రాజీకి ఆమోదముద్ర వేసింది. ఇకమీదట కాలేజీలు క్రీడాకారులకు నేరుగా డబ్బు చెల్లించవచ్చు, మొదటి ఏడు ఒక్కో విశ్వవిద్యాలయం రెండు కోట్ల అయిదు లక్షల డాలర్ల వరకు. ఇంతకాలం మహిళల గోల్ఫ్‌కు ఆరు స్కాలర్‌షిప్పుల పరిమితి ఉండేది, మగవాళ్లకు నాలుగున్నర. ఈ రాజీలో చేరిన కాలేజీలకు ఆ పరిమితి పోయి, జట్టులో తొమ్మిది మందికి మించి ఉండరాదన్న నియమం వచ్చింది. పాత ఆటగాళ్లకు చెల్లించాల్సిన బకాయి 280 కోట్ల డాలర్లు. అందులో సింహభాగం ఫుట్‌బాల్, బాస్కెట్‌బాల్ మగపిల్లలకే పోయేలా పంపకం రాశారు. ఆమోదం వచ్చిన రోజుల్లోనే కొందరు క్రీడాకారిణులు ఆ పంపకం టైటిల్ నైన్‌కు విరుద్ధమని అప్పీలు వేశారు. వాలీబాల్, సాకర్, ట్రాక్ ఆడే అమ్మాయిలు వాళ్లు. ఈసారి వాళ్ల తరఫున నిలబడటానికి ఆడవాళ్ల సంఘం అంటూ ఒకటి లేదు. లాయరును వాళ్లే వెతుక్కున్నారు.